సచ్చినంక పేరొచ్చిన ఎడ్ వుడ్

1980ల అమెరికాల మెడ్వెడ్ అన్నదమ్ములు ఒక పుస్తకం అచ్చేసిండ్రు. సినిమా లోకంల చెత్త పనులు చేసినోళ్లకు ఎక్కిరిస్తూ ఇచ్చే అవార్డుల పుస్తకమది. అండ్ల అందరికన్న చెత్త డైరెక్టర్ అనే బిరుదు ఎడ్ వుడ్ అనేటాయనకు పడ్డది. ఆయన తీసిన ‘ప్లాన్ 9 ఫ్రమ్ ఔటర్ స్పేస్’కు అందరికన్న చెత్త సినిమా అనే బిరుదు. అవార్డు తీసుకునేందుకు మనిషి లేడు. సచ్చిపోయి అప్పటికే రెండేండ్లు. బతికినన్ని దినాలు కిరాయి కట్టెతందుకు తిప్పలు పడ్డోనికి, పోయినంక లోకమంతా పేరొచ్చింది. అది సుత బద్నాం పేరు.

ఆ సినిమా నేను ఫోన్లనే చూసిన. మస్తు నవ్వొచ్చింది, ఇప్పుడు చూసినా వస్తది. గానీ ఆ నవ్వు ఎనుక ఉన్న మనిషి ముచ్చట వేరే ఉన్నది. గిప్పుడు ఊరికి నలుగురు పోరగాండ్లు ఫోన్ పట్టుకొని షార్ట్ ఫిలింలు తీస్తున్నరు. దాని కింద నలభై మంది ఎక్కిరిస్తున్నరు. తీసేటోళ్లూ, ఎక్కిరిచ్చేటోళ్లూ ఇద్దరూ ఈయన గురించి ఎరుక చేసుకోవాలని రాస్తున్న.

ఎడ్ వుడ్ 1924 అక్టోబర్ 10న పుట్టిండు. న్యూయార్క్ రాష్ట్రంల హడ్సన్ నది ఒడ్డున ఉండే పకీప్సీ ఆయన ఊరు. తండ్రిది పోస్టాఫీసుల కొలువు. పోరనికి చిన్నప్పటి సంది సినిమా పిచ్చి. బేలా లుగోసి నటించిన ‘డ్రాకులా’ 1931ల వచ్చింది. ఆ సినిమా, అండ్ల ఆ నల్ల అంగీ కప్పుకున్న మనిషి, వుడ్ తలకాయలకెళ్లి బతికినన్ని దినాలు పోలే. ఇంట్ల వాళ్లు చిన్న కెమెరా కొనిచ్చిండ్రు. కొంచెం పెద్దగయ్యినంక టాకీసుల టికెట్లు చూసి సీట్లు చూపెట్టే కొలువు చేసిండు. గా కొలువుల జీతం తక్కువున్నా సినిమాలు మాత్రం ఉత్తగనే చూడొచ్చు.

ఇంకో ముచ్చట సుత చెప్పాలె, లేకుంటే ఆయన కథ అర్థం కాదు. చిన్నతనంల తల్లి ఆయనకు ఆడపిల్లల బట్టలు ఏసేదని చెప్తరు. ఎందుకైనా గానీ, ఆడోళ్ల బట్టలు కట్టుకునుడు ఆయనకు జీవితమంతా ఇష్టం. అండ్ల అంగోరా కుందేలు వెంట్రుకలతోని అల్లిన మెత్తటి స్వెట్టర్ అంటే పానం. ఆయన ఆడోళ్లనే ప్రేమించిండు, ఆడామెనే పెండ్లి చేసుకున్నడు. బట్టల ఇష్టం వేరే, అది వేరే. ఆ రోజులల్ల గీ ముక్క బయటికి చెప్పే ధైర్యం ఎవ్వనికుండె?

1942ల మెరైన్ దళంల చేరి పసిఫిక్ సముద్రం దిక్కు యుద్ధానికి పోయిండు. యూనిఫాం లోపట ఆడోళ్ల లోబట్టలు ఏసుకొని యుద్ధంల దిగిన అని తర్వాత సోపతిగాళ్లకు చెప్పెటోడు. శత్రువు తూటా తగిలినా భయం లేదుగానీ దెబ్బ తాకి డాక్టర్ బట్టలిప్పుతడేమో అన్నదే భయమట. వుడ్ చెప్పే యుద్ధం కథలల్ల మసాలా జరంత ఎక్కువనే ఉంటది. గానీ గా భయం మాత్రం నిజమే అనిపిస్తది నాకు.

1946ల మిలిటరీకెళ్లి బయటపడి, మరుసటేడు హాలీవుడ్ చేరిండు. అప్పుడు హాలీవుడ్ అంటే నాలుగైదు పెద్ద కంపెనీల కోట. సినిమా తీసేది వాళ్లే, ఆడిచ్చే టాకీసులు వాళ్లయే. 1948ల అమెరికా సుప్రీంకోర్టు కంపెనీలు టాకీసుల మీద గుత్త పెట్టుకునుడు చెల్లదని తీర్పిచ్చింది. దాంతోని చిన్న నిర్మాతలకు జర సందు దొరికింది. కార్లల్ల కూసుండి చూసే డ్రైవ్ ఇన్ టాకీసులు సుత గప్పుడే పెరుగుతున్నయి. వాటికి వారం వారం ఏదో ఒక సినిమా కావాలె. దయ్యాలదో, రాకెట్లదో, పోస్టర్ మీద బొమ్మ భయంగ ఉంటే సాలు. వుడ్ దూరింది గా సందులకెళ్లే.

1952 డిసెంబర్ల ఒక వార్త అమెరికాను కుదిపేసింది. క్రిస్టీన్ జార్గెన్సన్ అని, మిలిటరీల పనిచేసి వచ్చిన మనిషి డెన్మార్క్ పోయి ఆపరేషన్లతోని ఆడామెగా మారి వచ్చింది. జార్జ్ వైస్ అనే చిన్న నిర్మాత గా వార్త మీద పైసలు చేసుకుందామనుకున్నడు. సినిమా జల్ది తీసిచ్చేటోడు కావాలె. ఆ పనికి నాకన్న తగినోడు లేడని వుడ్ ముందటికొచ్చిండు. గట్ల 1953ల ‘గ్లెన్ ఆర్ గ్లెండా’ వచ్చింది. షూటింగ్ నాలుగైదు దినాలల్ల ఒడిసింది.

వైస్ అడిగింది ఆపరేషన్ సినిమా. వుడ్ తీసింది తన సొంత కథ. ఆడోళ్ల బట్టలంటే ఇష్టమున్న ఒక మొగోడు, పెండ్లి చేసుకోబోయే పిల్లకు ఆ ముచ్చట ఎట్ల చెప్పాలెనో తెల్వక నలిగిపోవుడు ఆ సినిమా. హీరో వేషం తనే ఏసిండు, పేరు మాత్రం డేనియల్ డేవిస్ అని మార్చుకున్నడు. హీరోయిన్ డోలోరెస్ ఫుల్లర్ నిజంగ సుత ఆయన సోపతిల ఉన్నామెనే. ఆఖర్ల ఆమె తన అంగోరా స్వెట్టర్ ఇప్పి గ్లెన్ చేతుల పెడ్తది. సినిమాల అక్కరకు రాని బొమ్మలు సుత మస్తున్నయి. ఎవలో ఎప్పుడో తీసిన యుద్ధం రీళ్లు, రోడ్ల మీద కార్లు, ఉక్కు కార్ఖానా. లుగోసి కుర్చీల కూసుండి గట్టిగ అరుస్తుంటే, ఆయన మొకం మీదికెళ్లి అడవి దున్నల మంద ఉరుకుతది. ఎందుకురికిందో దేవునికెరుక. పాత రీలు సస్తగ దొరికింది, అతికిచ్చిండు. గంతే.

గానీ సినిమా ఏం చెప్తుందో వినుండ్రి. గీ మనిషి ఎవ్వలకూ అన్యాయం చేస్తలేడు, ఈయనను చూసి నవ్వకుండ్రి అని అడుగుతది. 1953ల, తనే గా బట్టలు కట్టుకొని కెమెరా ముందట నిలబడి అడిగిండు. పెద్ద కంపెనీలు అప్పుడు గా మాట ఎత్తే సవాలే లేదు. కథ చెప్పే తీరు గందరగోళమే, ఒప్పుకుంట. చెప్పిన మాట మాత్రం సాఫ్.

లుగోసి గురించి జర ఎక్కువ చెప్పాలె. 1882ల హంగేరీ రాజ్యంల పుట్టిన ఈయన ‘డ్రాకులా’తోని పెద్ద స్టార్ అయ్యిండు. తర్వాత హాలీవుడ్ ఆయనను గా ఒక్క వేషంలనే కట్టేసింది, మెల్లగ అది సుత ఇయ్యడం బంజేసింది. నడుము, కాలు నొప్పులకు డాక్టర్లిచ్చిన మందు మార్ఫిన్, అదే అలవాటైపోయింది. వుడ్ కలిసేటప్పటికి డెబ్భై ఏండ్ల ముసలాయన, పైసలు లేవు, పిలిచేటోడు లేడు. చిన్నప్పుడు తెర మీద చూసి పిచ్చోడైన పోరడు గిప్పుడు డైరెక్టరై వచ్చి వేషం ఇస్తనన్నడు. పేరును వాడుకున్నడని అనేటోళ్లున్నరు. వాడుకున్నడు, నిజమే. పోస్టర్ మీద లుగోసి పేరుంటేనే సినిమా అమ్ముడుపోతది. గానీ 1955ల ఆ ముసలాయన మందు మాన్పిచ్చుండ్రని తనంతట తనే సర్కార్ దవాఖానల చేరినప్పుడు, తమ సినిమా తొలి ఆటను ఆయన ఖర్చుల కోసమే ఆడిచ్చిండ్రు. పెద్ద కంపెనీలు ఆయన పేరు మీద సంపాదించింది ఎంత, ఎనక్కిచ్చింది ఎంత? ఎవ్వలూ లెక్క అడగలే.

గా సినిమా ‘బ్రైడ్ ఆఫ్ ది మాన్‌స్టర్’. 1954ల మొదలుపెట్టిండు, నడుమల పైసలైపోయినయి, ఆగింది. ఆఖరికి మాంసం యాపారం చేసే డొనాల్డ్ మెకాయ్ పైసలు పెట్టిండు. రెండు షరతులు: నా కొడుకే హీరో, ఆఖర్ల పెద్ద పేలుడు ఉండాలె. మనకాడ అప్పు ఇచ్చేటోడు పెట్టే షరతులు మీకెరికే, కొత్తగ చెప్పేది లేదు. కథల ఆక్టోపస్ ఉన్నది. పాత సినిమాకు చేసిన రబ్బరు ఆక్టోపస్ ఒకటి తెచ్చిండ్రు. దాన్ని కదిలిచ్చే మోటార్ మాత్రం రాలే. నటుడే దాని చేతులు పట్టుకొని తన మీద తనే ఏసుకుంటా, అది చంపుతున్నట్టు కొట్టుకోవాలె. చూస్తే నవ్వు ఆగదు. నాకైతే ఆ సీన్ల మోటార్ లేని ఆక్టోపస్ కన్న, అది రాలేదని షూటింగ్ ఆపని మనుషులే ఎక్కువ కనవడ్తరు.

1956 ఆగస్టు 16న లుగోసి సచ్చిపోయిండు. డ్రాకులా అంగీ కప్పే బొంద పెట్టిండ్రు. అంతకుముందు వుడ్ ఇంకేదో సినిమా కోసమని ఆయన మీద కొన్ని నిమిషాల రీలు తీసిపెట్టుకున్నడు. మాటలు లేని రీలు. ముసలాయన ఇంట్లకెళ్లి బయటికొస్తడు, పువ్వును పట్టుకొని చూస్తడు, బొందల నడుమ అంగీ ఇడ్సి నడుస్తడు. గా కొన్ని నిమిషాల చుట్టే వుడ్ పూరా సినిమా అల్లిండు. అదే ‘ప్లాన్ 9’.

దానికి పైసలు ఎక్కడివి? బెవర్లీ హిల్స్ బాప్టిస్టు చర్చోళ్లు. వాళ్లకు ఏసు భక్తి సినిమాలు తియ్యాలని ఉండె. ముందుగాల ఒక దయ్యాల సినిమా తీసి లాభం చేద్దాం, గా పైసలతోని భక్తి సినిమాలు తీయొచ్చని వుడ్ ఒప్పిచ్చిండు. వాళ్లు సుత షరతు పెట్టిండ్రు. వుడ్, ఆయన మనుషులు కొందరు బాప్తీస్మం తీసుకోవాల్సొచ్చింది. మొదలు పెట్టిన పేరుకు ‘బొందలు దోచేటోళ్లు’ అనే అర్థమొస్తది, అది దేవునికి తప్పని మార్పిచ్చిండ్రు. పైసలు పెట్టిన రేనాల్డ్స్, ఇంకొకాయన కలిసి సినిమాల బొందలు తవ్వేటోళ్ల వేషాలు ఏసిండ్రు సుత.

ఖర్చు మొత్తం సుమారు 60,000 డాలర్లు. లుగోసి పోయిండు కద, మిగిలిన సీన్లకు ఎట్ల? వుడ్ పెండ్లాం క్యాథీకి నడుము ఎముకలు సర్దే వైద్యుడు ఒకాయన ఉండె, టామ్ మేసన్. ఆయనకు నల్ల అంగీ తొడిగి, మొకానికి అడ్డం పెట్టుకొని నడువుమన్నడు. మేసన్ లుగోసి కన్న పొడుగు, జుట్టు సుత వేరే. ఎవ్వలు చూసినా దొరికిపోతరు. ఎగిరే పళ్లేలు పిల్లల బొమ్మల కిట్టుతోని చేసి దారాలకు ఏలాడదీసిండ్రు. విమానం నడిపే గది అంటే రెండు కుర్చీలు, ఎనుక ఒక పర్దా. ఒకే సీన్ల ఇంటి బయట ఎండ, బొందలగడ్డల చీకటి. బొందల మీది రాళ్లు అట్టముక్కలు, కాలు తాకితే ఊగుతయి.

గిట్లెందుకయ్యిందో జర ఆలోచించాలె. సినిమా రీలు పైసలకొచ్చేది. ఫోన్ల లెక్క చెడిపోతే తుడిచేసి మల్ల తీసుడు కాదు, ప్రతి అడుగుకూ లెక్క. స్టూడియో కిరాయి దినాలెక్కన. నటుడు మాట తప్పినా, రాయి ఊగినా, ఒక్కసారే తీసి ముందటికి పోవుడే. రాత్రిపూట బయట తియ్యాలంటే లైట్లు కావాలె, లైట్లకు పైసలు కావాలె. అందుకే పగలే తీసిండు, చూసేటోళ్లు రాత్రి అనుకుంటరులే అని. వుడ్‌కు తప్పు కనవడక కాదని కొందరంటరు. నాకు అట్ల అనిపిస్తలేదు. కొన్ని కనవడినయి, కొన్ని కనవడలే. తలకాయల ఉన్న సినిమా అంత సక్కగ కనవడుతుండె గావొచ్చు, కండ్ల ముందటి అట్టముక్క రాయి లెక్కనే కనవడ్డది.

కథ ఏందంటే, వేరే లోకపోళ్లు వచ్చి శవాలను లేపుతరు. ఎందుకు? మనుషులు అణుబాంబు, హైడ్రోజన్ బాంబు చేసిండ్రు, రేపు సూర్యుని వెలుగునే పేల్చే బాంబు చేస్తరు, అప్పుడు లోకాలన్నీ నాశనమైతయి, అందుకే ఇప్పుడే ఆపాలె అని. 1956ల గా భయం ప్రతి ఇంట్ల ఉండె. భయం నిజమైనదే, చూపెట్టిన తీరే దారాలకు ఏలాడింది.

గా సినిమాల ఎవలెవలున్నరో చూడుండ్రి. టోర్ జాన్సన్ అని స్వీడన్ నుంచొచ్చిన కుస్తీ పైల్వాన్, కొండ లెక్క మనిషి, ఇంగ్లీషు సక్కగ రాదు. ఆయనకు పోలీసు ఇన్‌స్పెక్టర్ వేషమిచ్చి పొడుగు పొడుగు మాటలు చెప్పిచ్చిండు. వాంపైరా పేరుతోని టీవీల దయ్యం వేషం ఏసే మైలా నుర్మి, అప్పటికి ఆమె షో బంద్ అయ్యింది. 200 డాలర్లకు వచ్చింది. మాటలొద్దు, ఊకె నడుస్తనన్నది. టీవీల జోస్యం చెప్పే క్రిస్‌వెల్, ఆయన జోస్యాలు ఎన్ని తప్పినా పట్టించుకోకపోయేది. మొగోళ్లను ఇష్టపడే మొగోడని దాచుకోకుండా బతికిన బన్నీ బ్రెకిన్‌రిడ్జ్, ఆయనకైతే వేరే లోకపు రాజు వేషం. హాలీవుడ్ పక్కకు తోసేసినోళ్లంతా ఒక్క కాడ. వీళ్లకు ఇంకో డైరెక్టర్ ఫోన్ చేసేటోడు కాదు. వుడ్ చేసిండు.

సినిమా 1957ల ఒకసారి చూపెట్టిండ్రు. టాకీసులకు సక్కగ పోయింది 1959ల. చర్చోళ్లనుకున్న లాభం రాలే, భక్తి సినిమాలు రాలే. తర్వాత టీవీల అర్ధరాత్రి ఏసేటోళ్లు. నిద్ర పట్టనోళ్లు చూసి, తెల్లారి సోపతిగాళ్లకు చెప్పుకునేటోళ్లు. దాని పేరు గట్ల పాకింది.

‘నైట్ ఆఫ్ ది గూల్స్’ అని దాని ఎనుక ఇంకొకటి తీసిండు. ల్యాబ్ బిల్లు కట్టలేకపోయిండు. రీలును ల్యాబోళ్లు పట్టుకున్నరు. ఇరవై ఏండ్లకు పైన అది అండ్లనే ఉన్నది, బయటికొచ్చేసరికి వుడ్ లేడు. నాకు ఈయన జీవితంల అన్నిటికన్న బాధనిపిచ్చేది గా రీలు డబ్బానే. చెత్త సినిమా అని నవ్వెతందుకు సుత అది బయట లేకపాయె.

1960ల ‘ది సినిస్టర్ అర్జ్’ వచ్చింది. ఆ తర్వాత అంతా దిగుడే. వేరేటోళ్ల సస్త సినిమాలకు కథలు రాసిండు, బూతు సినిమాలకు పనిచేసిండు. కిరాయి కోసం, సీసా కోసం బూతు నవలలు డజన్ల కొద్దీ రాసిండు, కొన్ని సొంత పేరు మీద, మస్తు దొంగ పేర్ల మీద. టైప్ మిషన్ ముందల కూసుంటే ఆగకుండ రాసేటోడట. తాగుడు సుత గట్లనే ఆగలే.

ఈ కాడ నా మాట చెప్త. మనసు పెట్టి పనిచేస్తే సాలు, మిగిలింది అదే వస్తదని ఈయన కథను చూపెట్టి చెప్పేటోళ్లున్నరు. అది వట్టి మాట. వుడ్ కన్న మనసు పెట్టినోడెవడు? కాయిదం మీద ఏం రాసుకున్నడో, ఎవలి దగ్గర ఎంత తీసుకున్నడో, సినిమా మీద తన హక్కు ఎంతో పట్టించుకోలే. ఒక సినిమా పైసలు ఇంకో సినిమా అప్పుకు, అది ఇంకో సీసాకు పోయింది. ఇంక నవ్వేటోళ్లు చెప్పే మాట సుత అబద్ధమే. చెత్త డైరెక్టర్ అంటే ఎవలు? పైసలు, లైట్లు, మంచి నటులు అన్నీ ఉండి, చెప్పేతందుకు ఏం లేక సినిమా తీసేటోడు నా లెక్కల చెత్త డైరెక్టర్. అటువంటోళ్లు ప్రతి ఏడు వస్తరు, మనం మరిచిపోతం. వుడ్‌ను డెబ్భై ఏండ్లయినా ఎవ్వలూ మరువలే.

1978 డిసెంబర్ల కిరాయి కట్టలేదని హాలీవుడ్ల యుక్కా స్ట్రీట్‌ల ఉన్న గదికెళ్లి వుడ్‌ను, క్యాథీని ఎల్లగొట్టిండ్రు. చేతులకు దొరికింది పట్టుకొని పోయిండ్రు. రాసుకున్న కాయిదాలు చానా అండ్లనే పోయినయి. పీటర్ కో అనే నటుడు సోపతిగాడు, ఆయనింట్ల తలదాచుకున్నరు. మూడు దినాలకు, డిసెంబర్ 10న గుండె ఆగి వుడ్ సచ్చిపోయిండు. 54 ఏండ్లు. బూడిదను సముద్రంల కలిపిండ్రు. క్యాథీ మల్ల పెండ్లి చేసుకోలే, 2006 దాక బతికింది.

రెండేండ్లకు ఆ బిరుదు వచ్చింది. ఎక్కిరిద్దామని పెట్టిన పేరే మందిని సినిమాలు చూసేటట్టు చేసింది. చూసినోళ్లల్ల కొందరికి నవ్వు దాటి ప్రేమ పుట్టింది. 1992ల రుడాల్ఫ్ గ్రే ఆయనతోని పనిచేసినోళ్లను అడిగి అడిగి జీవిత కథ పుస్తకం తెచ్చిండు. 1994ల టిమ్ బర్టన్ ‘ఎడ్ వుడ్’ అనే సినిమా తీసిండు, బ్లాక్ అండ్ వైట్ల. జానీ డెప్ వుడ్ వేషమేసిండు. లుగోసి వేషమేసిన మార్టిన్ లాండౌకు ఆస్కార్ వచ్చింది, మేకప్‌కు ఇంకొకటి. టాకీసులల్ల మాత్రం అది సుత ఆడలే. దాని ఖర్చు 1 కోటి 80 లక్షల డాలర్లు. అంటే ‘ప్లాన్ 9’ లాంటి సినిమాలు 300 తియ్యొచ్చు. గండ్ల ఒక్క సినిమా పైసలు 1978ల ఉంటే, యుక్కా స్ట్రీట్ గది కిరాయి ఎన్నేండ్లకు సరిపోవునో లెక్క మీరే కట్టుండ్రి.

చూద్దామనుకునేటోళ్లు ‘ప్లాన్ 9’తోని మొదలుపెట్టకుండ్రి, అందరు చెప్పేది అదే. ముందుగాల ‘గ్లెన్ ఆర్ గ్లెండా’ చూడుండ్రి, జర ఓపికతోని. దున్నలు ఉరికేటప్పుడు నవ్వుండ్రి, తప్పులేదు. ఆఖర్ల ఆ పిల్ల స్వెట్టర్ ఇప్పి చేతుల పెట్టేటప్పుడు, డేనియల్ డేవిస్ అని దొంగ పేరు పెట్టుకున్న ఆయన మొకం చూడుండ్రి.